కౌలు తగాదా: తీర్పు వచ్చిన తరువాత 30 రోజులు



పొలం ఖాళీ చేయవలసిందని తీర్పు వచ్చిందనగానే కౌలురైతు ఇంటి అరుగుమీద రెండు రకాల మాటలు వినబడతాయి. ఒకరేమో, "ఇంకేముంది, అయిపోయింది. నాగలి ఇంటికి తెచ్చుకో" అంటారు. ఇంకొకరు, "పైకోర్టు వుందిగా బాబాయ్! అప్పీలు పడేస్తే సరి. వాళ్లు మన గట్టు తొక్కలేరు" అంటారు. రెండూ తప్పుమాటలే. మొదటి మాట నమ్మినవాడు వున్న హక్కును చేతులారా వదులుకుంటాడు. రెండో మాట నమ్మినవాడు, అప్పీలు కాగితం జేబులో వుండగానే అమీను వచ్చి పొలం స్వాధీనం చేయిస్తుంటే చూస్తూ నిలబడవలసివస్తుంది. అప్పీలు అంటే ఏమిటో, దానికి ఎంత బలం వుందో, ఆ బలం ఎక్కడ ఆగిపోతుందో ఈ పూట చెప్పుకుందాం.

ముందు, ఏ చట్టం కింద తీర్పు వచ్చిందో చూసుకోవాలి. కాగితం మొదటి పేజీలో పైనే అది రాసి వుంటుంది. కోస్తా, రాయలసీమ జిల్లాలలో కౌలు తగాదాలకు మూలమైనది 1956 నాటి ఆంధ్ర కౌలుదారీ చట్టం. ఈ చట్టం వచ్చేదాకా చాలాచోట్ల ఉగాది వెళ్లగానే "ఈ ఏడు పొలం వేరేవాళ్లకు ఇచ్చేశాం" అని ఒక్కమాటతో కౌలురైతును పంపించివేసేవారు. ఆ ఒక్కమాటతో పంపించే అధికారాన్ని ఈ చట్టం తీసివేసింది. కౌలు కనీసం 6 సంవత్సరాలకు వుండాలన్నది. కౌలుదారును తొలగించాలంటే ఫలానా కారణాలే చూపాలన్నది. శిస్తు గడువు దాటి నెలరోజులలోగా చెల్లించకపోవడం, పాలుకు ఇచ్చిన పొలమైతే కళ్లంలో భూస్వామి పాలు కొలిచి ఇవ్వకపోవడం, భూమి శాశ్వతంగా చెడిపోయే పని చేయడం, ఇంకొకరికి మారుకౌలుకు ఇవ్వడం, ఒప్పుకున్న పనికి గాక వేరే పనికి భూమిని వాడడం, భూస్వామి హక్కునే బుద్ధిపూర్వకంగా కాదనడం, అధికారి ఇచ్చిన ఉత్తర్వును పాటించకపోవడం — కారణాలు ఇవీ. "మా అబ్బాయికి ఈ పొలంమీద మనసు పడింది", "పక్కవూరివాడు రెండు బస్తాలు ఎక్కువ ఇస్తానంటున్నాడు" అన్నవి ఈ పట్టికలో లేవు.

ఈ తగాదాలను మొదట తాసీల్దారు విచారించేవాడు. ఆయన తీర్పుమీద రెవిన్యూ డివిజనల్ ఆఫీసరుకు అప్పీలు. 1974లో చేసిన సవరణ 1980 జూలై 1 నుంచి అమలులోకి వచ్చాక ఈ పని కోర్టులకు మారింది. జిల్లా మునసబుగారే స్పెషల్ ఆఫీసరు అయినారు. మునసబు అన్న మాట పోయి తరువాత జూనియర్ సివిల్ జడ్జి అన్నారు, పీఠం అదే. ఆయన తీర్పుమీద 30 రోజులలోగా జిల్లా జడ్జిగారికి అప్పీలు చేసుకోవాలి. అక్కడ ఇచ్చిన తీర్పే ఆఖరుదని చట్టం చెప్పింది. ఈ మార్పువల్ల మేలూ కలిగింది, కష్టమూ కలిగింది. కచేరీలో కరణంగారి ఒక్క మాటమీద నడిచే వ్యవహారం సాక్ష్యంమీద నడవడం మేలు. సాక్ష్యం కాగితంమీద లేనివాడు నోరు తెరిచినా ఫలితం లేకపోవడం కష్టం.

తెలంగాణలో దారి వేరు. అక్కడ హైదరాబాదు రాష్ట్రపు రోజుల్లో, 1950లో వచ్చిన కౌలుదారీ, వ్యవసాయ భూముల చట్టం రక్షిత కౌలుదారులను గుర్తించింది. దాని ప్రకారం తాసీల్దారు ఉత్తర్వుమీద కలెక్టరుకు అప్పీలు, ఆ పైన హైకోర్టుకు రివిజను. గడువు 60 రోజులు. ఇక సివిలు కోర్టులో మామూలు దావాగా నడిచిన వ్యవహారమైతే జిల్లా కోర్టుకు 30 రోజులు, హైకోర్టుకు 90 రోజులు. కాబట్టి పక్కవూరివాడికి 60 రోజులు ఇచ్చారు గదా అని మనం తీరుబడిగా కూర్చోరాదు. వాడి చట్టం వేరు, మన చట్టం వేరు కావచ్చు. ఈ చట్టాలకు మధ్యలో మార్పులు చాలా వచ్చాయి గనుక, మీ కౌలు ఏ సంవత్సరంనాటిదో చెప్పి ఏది వర్తిస్తుందో వకీలుచేత చూపించుకోండి. ఆ పని తీర్పు వచ్చిన వారంలోనే జరగాలి.

ఇప్పుడు గడువు సంగతి. చాలామంది రైతులు గడువును తమకు తెలిసిన రోజునుంచి లెక్కవేస్తారు. "నాకు వకీలుగారు చెప్పింది మొన్న సంతరోజున" అంటారు. లెక్క అలా వుండదు. తీర్పు చెప్పిన తేదీనుంచే గడువు నడుస్తుంది. అయితే అప్పీలుకు తీర్పు నకలు కావాలి. నకలు తయారుచేయడానికి కోర్టు తీసుకున్న రోజులను గడువులోనుంచి మినహాయిస్తారు. నకలుకు అర్జీ పెట్టకుండా ఇంట్లో కూర్చున్న రోజులను మాత్రం మినహాయించరు.

ఒక లెక్క చూడండి. తీర్పు జూన్ 3న వచ్చిందనుకుందాం. ఆ రోజును వదిలేసి లెక్కిస్తే 30 రోజులు జూలై 3తో నిండుతాయి. రైతు జూన్ 5న నకలుకు అర్జీ పెట్టాడు. 20వ తేదీకి నకలు సిద్ధమైంది. మధ్యలో 16 రోజులు మినహాయింపు. అంటే జూలై 19 దాకా గడువు వుంది, నకలు చేతికి వచ్చాక అప్పీలు సిద్ధం చేసుకోవడానికి 29 రోజులు దొరికాయి. ఇంకొక రైతు ఇదే తీర్పుకు జూన్ 28న మేలుకొని అర్జీ పెట్టాడు. అతనికీ నకలుకు 16 రోజులే పట్టాయి, అతని గడువు కూడా జూలై 19తోనే తీరుతుంది. కాని నకలు జూలై 13న చేతికి వచ్చింది. మిగిలినవి ఆరే రోజులు. ఆ ఆరు రోజులలోనే వకీలు కాగితాలు చదవాలి, కోర్టు ఫీజుకు డబ్బు తేవాలి, రశీదులు వెదకాలి. అప్పుడు రాసిన అప్పీలు ఎలా వుంటుందో వేరే చెప్పాలా?

నకలు కాగితం వెనక అర్జీ పెట్టిన తేదీ, స్టాంపులు కోరిన తేదీ, స్టాంపులు ఇచ్చిన తేదీ, నకలు సిద్ధమైన తేదీ వేసి వుంటాయి. స్టాంపులు కోరుతూ కోర్టు గోడమీద పట్టీ అంటించాక మనం ఆలస్యంగా ఇస్తే ఆ ఆలస్యం మన ఖాతాలోనే పడుతుంది. ఈ చిన్న సంగతి గుమాస్తా చూసుకుంటాడులే అని వదిలేయకండి. వారానికి రెండుసార్లు వెళ్లి అడగండి.

గడువు దాటితే దారి మూసుకుపోయినట్టేనా? కాదు. ఆలస్యాన్ని మన్నించమని లిమిటేషను చట్టం 5వ సెక్షను కింద అర్జీ పెట్టుకోవచ్చు. జబ్బుచేసి మంచాన పడడం, వరద వచ్చి దారులు తెగిపోవడం వంటి సరైన కారణం చూపాలి. ఇటువంటి అర్జీలను మరీ చాదస్తంగా, రోజురోజుకూ లెక్క అడుగుతూ చూడరాదని 1987లో కాటీజీ అన్న పేరుతో ప్రసిద్ధమైన కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అది ధైర్యమిచ్చే మాటే. కాని దానిని చూసుకొని నిర్లక్ష్యంగా వుండడానికి లేదు. ఎందుకంటే సివిల్ ప్రొసీజరు కోడులో ఇంకొక నియమం వుంది: ఆలస్యం మన్నించమనే అర్జీ వేసినప్పుడు, ఆ అప్పీలును వింటామని కోర్టు నిర్ణయించేదాకా అమలును నిలుపుచేసే ఉత్తర్వు ఇవ్వరు. అంటే ఒక్కరోజు ఆలస్యమైనా సరే, ఆ మన్నింపు తేలేలోగా అవతలివాడు పొలంలోకి దిగవచ్చు. కోర్టు కారుణ్యం మీకు దక్కుతుంది, చేలో పైరు దక్కదు.

నేను మొదట చెప్పిన రెండో తప్పుమాట ఇక్కడికి వస్తుంది. అప్పీలు వేసినంతమాత్రాన కింది తీర్పు ఆగదు. ఇది ఎన్నిసార్లు చెప్పినా ఎక్కువ కాదు. అమలు ఆగాలంటే స్టే కోసం వేరే అర్జీ పెట్టాలి. స్టే ఇవ్వకపోతే తనకు గట్టి నష్టం జరుగుతుందని, తాను ఆలస్యం చేయలేదని రైతు చూపాలి. కోర్టు అడిగిన హామీ ఇవ్వాలి. ఇంకొక సౌకర్యం కూడా వుంది, దానిని వాడుకునేవారు తక్కువ. అప్పీలు గడువు ఇంకా తీరకముందు, తీర్పు ఇచ్చిన కోర్టునే "పైకోర్టుకు వెళ్లేదాకా అమలు ఆపండి" అని కోరవచ్చు. చేలో నిలువు పైరున్న రైతు తీర్పు విన్న రోజునే ఈ అర్జీ పెట్టించుకోవడం మంచిది.

నిలువు పైరు విషయం కొంచెం నిదానంగా చెప్పుకోవాలి, అసలు ప్రాణమంతా అక్కడే వుంది గనుక. సార్వా నాట్లు అయి, ఎరువు వేసి, షావుకారు దగ్గర తెచ్చిన డబ్బంతా మట్టిలో పెట్టిన తరువాత ఆశ్వయుజంలో తీర్పు వచ్చిందనుకోండి. అప్పుడు రైతుకు పోయేది కౌలుహక్కు ఒక్కటే కాదు, ఆ ఏటి గింజలూ, వచ్చే ఏటి పరపతీ కూడా. కాబట్టి స్టే అర్జీలో "నాకు నష్టం కలుగుతుంది" అని ఒక్క ముక్క రాసి ఊరుకోకూడదు. ఎన్ని ఎకరాలు, ఏ పంట, ఎప్పుడు నాటాం, కోత ఎప్పటికి వస్తుంది, ఎంత పెట్టుబడి అయిందో రాయాలి. అడంగలు నకలు, పంట నమోదు కాగితం, ఎరువుల కొట్టు బిల్లులు జతచేయాలి. జడ్జిగారు మన పొలం చూడలేదు. మనం చూపిన కాగితాలలోనే ఆయన పొలం చూస్తారు.

స్టే ఇస్తూ కోర్టు చాలాసార్లు, బకాయి శిస్తు ఫలానా తేదీలోగా కోర్టులో కట్టమని షరతు పెడుతుంది. కొందరు ఇక్కడ పంతానికి పోతారు: "కేసు తేలకుండా డబ్బు ఎందుకు కట్టాలి?" అని. నా మటుకు నేను ఈ పంతం రైతుకు చేటే అంటాను. షరతు తప్పితే స్టే రద్దవుతుంది. పైగా ఉత్తర్వు పాటించలేదన్నది తొలగింపుకు మరొక కారణమవుతుంది. కేసు నడుస్తున్న కాలంలో వచ్చే శిస్తు కూడా వాయిదాకు కట్టి రశీదు దాచుకోవాలి. భూస్వామి పుచ్చుకోనంటే అధికారి దగ్గర డిపాజిటు చేసే దారి 1956 చట్టంలోనే కల్పించారు. ఇవ్వజూపాను, ఆయనే తీసుకోలేదని నోటితో చెప్పడం వేరు, డిపాజిటు చలానా చూపడం వేరు.

భూస్వామి తరఫువారు ముందుగానే కేవియట్ దాఖలు చేసివుంటే, వారికి తెలియకుండా స్టే రాదు. అది 90 రోజులదాకా పనిచేస్తుంది. అటువంటప్పుడు వారికి నోటీసు ఇచ్చి, రెండువైపులా విన్నాకనే ఉత్తర్వు వస్తుంది. ఆ రోజులు కూడా లెక్కలో పెట్టుకోవాలి.

అప్పీలులో ఏమి వాదిస్తారు? కింది కోర్టులో సాక్ష్యం ఎలా వుందో, దానిని ఆ కోర్టు సరిగా చూసిందో లేదో వాదిస్తారు. కొత్త సాక్ష్యం తేవడం అంత సులువు కాదు. కింది కోర్టు కాదన్న సాక్ష్యమో, ఎంత జాగ్రత్తపడినా అప్పట్లో దొరకని కాగితమో అయితే పైకోర్టు అనుమతించవచ్చు. "రశీదులు మా ఇంటి అటకమీదే వున్నాయి, అప్పుడు చూసుకోలేదు" అంటే సామాన్యంగా వినరు.

అన్నిటికంటె ఎక్కువమంది కౌలురైతులను ముంచేది ఇంకొకటి వుంది. నోటీసు రాగానే కోపంలో, లేదా ఎవరో చెప్పిన సలహామీద, "అసలు ఆ భూమి ఆయనది కాదు, మాదే, మా తాతలనాటినుంచి దున్నుకుంటున్నాం" అని జవాబు ఇచ్చేస్తారు. కేసు ఓడిపోయాక అప్పీలులో "కౌలుదారులం, మాకు చట్టరక్షణ కావాలి" అంటారు. భూస్వామి హక్కును బుద్ధిపూర్వకంగా కాదనడమే తొలగింపుకు ఒక కారణమని ఇందాక చెప్పుకున్నాం. పైగా కౌలుదారుగా పొలంలోకి వచ్చినవాడు, ఆ కౌలు వున్నంతకాలం, తనను రానిచ్చినవాడికి మొదట్లో హక్కే లేదని అనడానికి వీల్లేదన్నది 1872 నాటి సాక్ష్యచట్టంలో వున్న నియమం. 2024 జూలై 1న దాని స్థానంలోకి వచ్చిన భారతీయ సాక్ష్య అధినియమంలోనూ అది వుంది. మొదటి జవాబులో రాసిన మాట చివరి కోర్టుదాకా మన వెంటే వస్తుంది. వేలిముద్ర వేసేముందు ఆ కాగితం చదివించుకుని వినండి. నోటిమాట కౌలు అయినా సరే, కౌలుదారుగానే వచ్చివుంటే కౌలుదారుననే చెప్పండి.

నోటిమాట కౌలును రుజువు చేయడమే పెద్ద చిక్కు. అడంగలులో సాగుదారు కాలంలో భూస్వామి పేరే వుంటుంది. కౌలురైతు పేరు ఎక్కనివ్వరు. ఆంధ్రప్రదేశ్‌లో 2019లో వచ్చిన పంట సాగుదారు హక్కుల చట్టం ప్రకారం భూయజమాని ఒప్పుకుంటే 11 నెలలకు సాగుదారు పత్రం ఇస్తారు. అది పంటరుణానికి, బీమాకు, నష్టపరిహారానికి ఉద్దేశించింది. భూమిమీద హక్కు ఇవ్వదని ఆ చట్టమే చెబుతుంది. ఆ పత్రాన్ని చూపి "నన్ను ఎవరూ తీయలేరు" అనుకునే రైతులకు ఈ సంగతి ముందే తెలియడం మంచిది. కాలవ శిస్తు రశీదు, సొసైటీ ఖాతా, ధాన్యం అమ్మిన చీటీ వంటివి ఏ ఏటికి ఆ ఏడు కట్టకట్టి దాచుకుంటే, అటువంటివే ఒకదానికొకటి తోడై సాక్ష్యంగా నిలబడతాయి.

జిల్లా జడ్జిగారి తీర్పుతో వాస్తవాల విచారణ దాదాపు ముగిసినట్టే. 1956 చట్టం కింద ఆ పైన ఇంకొక అప్పీలు లేదు. రాజ్యాంగం 227వ అధికరణం కింద హైకోర్టుకు వెళ్లవచ్చు గాని, అక్కడ చూసేది కింది కోర్టు తన అధికారం దాటిందా, చట్టాన్ని పక్కకు నెట్టిందా అన్నదే. శిస్తు కళ్లంలో కొలిచాడా లేదా అని హైకోర్టు మళ్లీ సాక్షులను పిలిచి అడగదు. మామూలు దావాలలో వుండే రెండో అప్పీలు కూడా 1976 సవరణ తరువాత గట్టి చట్టప్రశ్న వుంటేనే నడుస్తుంది.

కోర్టు మెట్లు ఎక్కేకొద్దీ పొలం చిన్నదై కాగితం పెద్దదవుతుందనడానికి పాత ఉదాహరణ ఒకటి వుంది. 1918లో సూర్యనారాయణ, పాతన్న అనే పేర్లతో లా రిపోర్టులకెక్కిన తెలుగు అగ్రహారపు తొలగింపు తగాదా లండనులోని ప్రీవీ కౌన్సిలుదాకా పోయింది. అక్కడ తేలవలసిన ప్రశ్న ఆ పొలం ఎవరు దున్నుతున్నారన్నది కాదు. పూర్వం ఆ గ్రామాన్ని ఇనాముగా ఇచ్చినప్పుడు శిస్తు మాత్రమే ఇచ్చారా, భూమి కూడా ఇచ్చారా అన్నది. శిస్తు మాత్రమే ఇచ్చివుంటారని ముందుగానే అనుకోవడానికి వీల్లేదని తీర్పు వచ్చింది. ఇనాము గ్రామాల రైతులకు అది గొడ్డలిపెట్టు అయింది. మద్రాసు శాసనసభ 1936లో ఎస్టేటు భూముల చట్టాన్ని సవరించి మొత్తం ఇనాము గ్రామాలను దాని పరిధిలోకి తెచ్చేదాకా ఆ రైతుల పరిస్థితి చక్కబడలేదు. అక్కడ కోర్టులో కానిది శాసనసభలో అయింది.

అప్పీలు నడుస్తుండగా కౌలుదారు కాలంచేస్తే 90 రోజులలోగా వారసులను రికార్డుమీదికి తేవాలి. లేకపోతే ఆ అప్పీలు దానంతటదే పడిపోతుంది. కర్మకాండల హడావిడిలో ఈ సంగతి ఎవరికీ గుర్తుండదు. ఇంట్లో ఆడవాళ్లకు కేసు నంబరు, వకీలు పేరు తెలిసివుండాలి. వాయిదాకు ఎవరూ హాజరుకాక అప్పీలు కొట్టివేస్తే, దానిని తిరిగి తెరిపించుకోవడానికి 30 రోజులు. కింది కోర్టులో గెలిచిన రైతు కూడా నిశ్చింతగా వుండరాదు. భూస్వామికీ అప్పీలు హక్కు వుంది. నోటీసు వస్తే పుచ్చుకోకుండా తిప్పి పంపినవాడు, తన వెనక జరిగిన తీర్పుకు కట్టుబడవలసివస్తుంది.

రాజీ సంగతి. రాజీ మంచిదే, ఊళ్లో మళ్లీ మొగాలు చూసుకోవాలి గదా. కాని లోక్ అదాలతులో రాజీపడి సంతకం చేసిన తరువాత దానిమీద అప్పీలు లేదు. ఇద్దరూ ఒప్పుకున్నామని కోర్టులో రాయించుకున్న డిక్రీమీద కూడా లేదు. అందుచేత "కోత అయ్యాక ఖాళీచేస్తాను" అని రాసే ముందు కోత తేదీ, పైరు ఎవరిది, బకాయి రద్దు అయిందా లేదా అన్నవి అందులో స్పష్టంగా వున్నాయో లేదో చూసుకోండి. ఖర్చుకు భయపడేవారు మండల న్యాయసేవా కమిటీని గాని, జిల్లా న్యాయసేవాధికార సంస్థను గాని అడగవచ్చు. 1987 నాటి చట్టం ప్రకారం షెడ్యూల్డు కులాలవారికి, తెగలవారికి, స్త్రీలకు, వరద కరువుల వాతపడినవారికి, తక్కువ ఆదాయం వున్నవారికి వకీలును ఉచితంగా ఇస్తారు. అప్పీలుకు కూడా ఇస్తారు.

స్టే రాక పొలం పోయి, ఆ తరువాత అప్పీలు గెలిచినవారు కూడా వున్నారు. అటువంటివారు సివిల్ ప్రొసీజరు కోడు 144వ సెక్షను కింద, పొలం తిరిగి తమకు అప్పగించమని తీర్పు ఇచ్చిన మొదటి కోర్టులోనే అర్జీ పెట్టుకోవాలి. గెలిచాం గదా అని తిన్నగా నాగలి కట్టుకుని పొలంలోకి పోకూడదు.

ఏ తీర్పూ లేకుండానే, రాత్రికి రాత్రి మనుషులను పెట్టి పొలంలోనుంచి వెళ్లగొడితే అది అప్పీలు వ్యవహారమే కాదు. 1963 నాటి స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం 6వ సెక్షను కింద, వెళ్లగొట్టిన రోజునుంచి 6 నెలలలోగా దావా వేస్తే, భూమి ఎవరిదన్న ప్రశ్న తేల్చకుండానే స్వాధీనం తిరిగి ఇప్పిస్తారు. ఆ తీర్పుమీద ఎవరికీ అప్పీలు లేదు, భూస్వామికీ లేదు, రైతుకూ లేదు. ఆ 6 నెలలూ వెళ్లగొట్టిన రోజునుంచే లెక్క గనుక, ఊరి పెద్దలు "పండగ వెళ్లనీ, మాట్లాడి పెడతాం" అంటున్నా దావా కాగితం మాత్రం కోర్టులో పడివుండాలి.